‘ఒక సోదరి’ అని వేద్దామా?

“నీ పీహెచ్‌డీ ఊకెనే పడున్నది గదా లతా, అండ్లకెళ్ళి ఏదన్న తియ్యి” అన్నాడు సురేందర్, బూట్ల లేసులు ముడేసుకుంటూ. అటక మీది పాత కుక్కరు గురించి చెప్పినట్టు చెప్పాడు. నేను ఆయన టిఫిన్ డబ్బాలో పప్పు పోస్తున్నాను. నా గరిటె ఆగలేదు. ఆగితే పప్పు గట్టు మీద పడుతుంది, తుడవాల్సింది మళ్ళీ నేనే.

“ఈసారి జర బరువున్న సబ్జెక్టు కావాలె. ఉగాది అయింది, మాతృభాష అయింది, అమ్మ గొప్పతనం రెండుసార్లయింది. ఆ కాలంల ఇంగ్లీషోళ్ళు స్వేచ్ఛ గురించి ఏం రాసిన్రు, రాజులను ఎట్ల నిలదీసిన్రు, గది చెప్తే హాలంత సైలెంటయితది. రాసుడెందుకు, వాయిస్ పెట్టు. కారుల ఇనుకుంట పోత” అని డబ్బా అందుకుని వెళ్ళిపోయాడు.

మేముండేది దోహాలో, ఓల్డ్ ఎయిర్‌పోర్ట్ అనే పేటలో, ఒక విల్లా వెనక భాగంలో. ఆయన ఒక కన్‌స్ట్రక్షన్ కంపెనీలో సేఫ్టీ ఇంజనీరు. రోజూ ఊరికి చాలా దూరంలో, గ్యాస్ ప్లాంట్లుండే రాస్ లఫాన్ దాకా పోయి రావాలి. ఆ దూరం పొడుగునా కారులో వినేది నన్నే. ఇక్కడి మా తెలుగు సంఘం శుక్రవారాల్లో పెట్టే సభలకు ఆరేళ్ళుగా ప్రధాన వక్త సురేందరే. ఆ ఉపన్యాసాలు తయారయ్యేది మాత్రం మా వంటింట్లో. పిల్లల్ని బస్సెక్కించి వచ్చి, ఫోన్‌ని ఉప్పు డబ్బాకి ఆనించి, ఉల్లిపాయలు తరుగుతూ నేను మాట్లాడతాను. ఎగ్జాస్ట్ ఫ్యాన్ మోగుతుంటుంది, కుక్కరు విజిలేస్తుంటుంది. ఆయన కారులో విని, నా వెంట ఒక్కో వాక్యం అనుకుంటూ కంఠతా పట్టేస్తాడు. ఉన్నమాట చెప్పాలి, జ్ఞాపకశక్తి గొప్పది, గొంతూ మంచిదే. ఒక చెయ్యి జేబులో పెట్టుకుని మైకు ముందు నిలబడితే చూడముచ్చటగా ఉంటాడని అందరూ అంటారు. నేనెప్పుడూ ఎదురుగా కూర్చుని చూడలేదు.

చూడకపోవడానికి పెద్ద కారణమేం లేదు. మా సభల్లో ఒక అలవాటుంది. పాటలూ పిల్లల డాన్సులూ అయిపోయి వక్త లేచి “సభకు నమస్కారం” అనగానే ఆడవాళ్ళందరం లేస్తాం. వెనక వరండాలో ట్రేల మీద రేకులు తీసి, ప్లేట్లు పేర్చి, పెరుగన్నంలో మరికాస్త పాలు కలిపి, ఉపన్యాసం అయ్యేసరికి వడ్డనకు సిద్ధంగా ఉండాలి. ఎవరూ పెట్టిన రూలు కాదది. ఎవరూ పెట్టలేదు కాబట్టి ఎవరినీ అడగడానికీ లేదు. మూసిన తలుపు వెనక నుంచి చప్పట్లు వినిపించేవి. “మీ ఆయన ఎంత బాగా మాట్లాడతారండీ!” అనేవాళ్ళు పక్కన గిన్నెలు సర్దుతున్నవాళ్ళు. వాళ్ళూ విన్నది లేదు. “అవునండీ” అనేదాన్ని నేను. జగిత్యాల దగ్గర మా ఊళ్ళో మా అత్త ఎల్లవ్వ ఫోన్ చేసి మురిసిపోయేది. “మావోడు దుబాయ్ల మీటింగులల్ల మాట్లాడుతుంటే ఊరంత ఫోన్ల సూస్తున్నది బిడ్డా. నువ్వు జర మంచిగ వండిపెట్టు. మాట్లాడెటోనికి బలం గావాలె గదా.” కతార్ అని ఎన్నిసార్లు చెప్పినా ఆమెకు ఇది దుబాయే, ఎన్నిసార్లు చూసినా ఆ మాటలు కొడుకువే.

ఉగాది గురించీ అమ్మ గురించీ చెప్పినప్పుడు నాకేం అనిపించలేదు. అవి ఎవరైనా చెప్పగలిగే మాటలు. ఈసారి అడిగింది వేరు. పెళ్ళికి ముందు వరంగల్‌లో నేను మొదలుపెట్టిన పరిశోధన పద్దెనిమిదో శతాబ్దపు ఇంగ్లీషు రాతల మీద. రాజుకు దేవుడిచ్చిన అధికారం అంటూ ఏమీ లేదని, పాలించబడేవాళ్ళు ఒప్పుకుంటేనే అది ప్రభుత్వమని ఇంగ్లండులోనూ సముద్రానికి అవతల అమెరికాలోనూ కరపత్రాలు కుప్పలుగా అచ్చయిన కాలం అది. ఆ కుప్పల్లో ఆడవాళ్ళు రాసినవి ఎక్కడున్నాయో వెతకడం నా పని. వెతకడం ఎందుకంటే, చాలావాటి మీద పేరుండదు. ‘ఒక స్త్రీ రాసినది’ అని మాత్రం ఉంటుంది. ఎంత ఇష్టంగా చేసేదాన్నో! హాస్టల్ మెస్‌లో అన్నం చల్లారిపోయేది. మూడో అధ్యాయంలో ఉండగా పెళ్ళయింది, నాలుగో అధ్యాయం దోహాలో రాస్తానని గైడ్‌కి మాటిచ్చాను. “ఇంగ్లీషోళ్ళ ఆడోళ్ళ ముచ్చట నీకెందుకు బిడ్డా, ముందు మావోని బట్టలు సూడు” అంది ఎల్లవ్వ నవ్వుతూ. “మెల్లగ రాసుకో, ఎవలొద్దన్నరు?” అన్నాడు సురేందర్. నిజమే, ఎవరూ వద్దనలేదు. టిఫిన్లు, బట్టలు, పిల్లల జ్వరాలు, ఇంటికి వచ్చిపోయే ఆయన స్నేహితుల టీలు, వీటిలో ఏదీ నన్ను వద్దనలేదు. అధ్యాయం మాత్రం రాలేదు.

అందుకే ఆ రోజు ఫోన్‌ని ఉప్పు డబ్బాకి ఆనించాక ముందు బెండకాయలన్నీ తరిగేశాను. తర్వాత మొదలుపెట్టాను. లండన్ కాఫీ దుకాణాల గురించి చెప్పాను. ఒక కాఫీకి డబ్బులిస్తే చాలు, ఎవరైనా కూర్చుని పత్రిక చదవొచ్చు, మంత్రిని తిట్టొచ్చు, రాజుని కడిగిపారేయొచ్చు. చాలాచోట్ల కౌంటర్ వెనక కాఫీ పోసేది ఆడవాళ్ళే. మాటలన్నీ వాళ్ళ చెవిన పడుతూనే ఉండేవి, కూర్చుని మాట్లాడే చోటు మాత్రం లేదు. మా సమ్మతి లేకుండా మమ్మల్ని పాలించడం బానిసత్వమని రాసిన అమెరికా పెద్దమనుషుల పొలాల్లో నిజంగా కొనుక్కొచ్చిన బానిసలు పనిచేసేవాళ్ళని చెప్పాను. ఇంగ్లీషు చట్టం ప్రకారం పెళ్ళయిన స్త్రీకి విడిగా ఉనికి లేదని, ఆమె సంపాదనా ఆమె సంతకమూ భర్త ఉనికిలో కలిసిపోయేవని చెప్పాను. దేశంలో రాజు ఇష్టారాజ్యం తప్పయితే ఇంట్లో మొగుడి ఇష్టారాజ్యం ఒప్పెలా అవుతుందని ఆ రోజుల్లోనే ఆడవాళ్ళు అడిగారని చెప్పాను. చివర ఒక ఉత్తరం గురించి చెప్పాను. కొత్త దేశానికి చట్టాలు రాసే పనిలో ఉన్న ఒక నాయకుడికి ఇంటి దగ్గరున్న భార్య రాసింది, ఆ చట్టాల్లో ఆడవాళ్ళను మరిచిపోవద్దని, మొగుళ్ళ చేతికి హద్దులేని అధికారం ఇవ్వొద్దని. ఆ భర్త మంచివాడే, ఆమె అంటే ప్రాణం. నాకు నవ్వొస్తోందని జవాబు రాశాడు.

మాట్లాడుతుంటే నా గొంతు నాకే కొత్తగా ఉంది. చాలా ఏళ్ళ తర్వాత నా తలలోంచి నా మాట బయటికొచ్చింది. బెండకాయ మాడిపోయింది, మాడనీ అనుకున్నాను. అయిపోయాక స్టౌ కట్టేసి అక్కడే నిలబడి ఏడ్చాను, బాధతో కాదు. అప్పుడే అనుకున్నాను, ఈసారి ఈ మాటలు సభలో ఎలా వినిపిస్తాయో కూర్చుని వినాలని.

శుక్రవారం సాయంత్రం సభ. సురేందర్ లేచి “సభకు నమస్కారం” అన్నాడు. కుర్చీలు కిర్రుమన్నాయి, పట్టుచీరలు గరగరలాడాయి, ఆడవాళ్ళందరూ వెనక తలుపు వైపు నడిచారు. నేను లేవలేదు. పక్కావిడ భుజం తట్టి “మీరు రారా?” అంది. “మీరు నడువుండ్రి, నేను ఇని వస్త” అన్నాను. ఆవిడ నా వైపు చూసిన చూపులో, ఒంట్లో బాగాలేదేమో అన్న జాలి కనిపించింది. హాల్లో కింద కూర్చున్న ఆడమనిషిని నేనొక్కదాన్నే. వేదిక మీద కార్యక్రమం నడిపే వసుంధర గారు ఉన్నారు. ఆవిడది తెనాలి, ఇక్కడి బళ్ళో చాలాకాలం తెలుగు చెప్పిన టీచరు, సంఘం సంచికకు సంపాదకురాలు.

సురేందర్ బాగా మాట్లాడాడు. నేను ఎక్కడ ఊపిరి తీసుకున్నానో అక్కడే తీసుకున్నాడు. కాఫీ దుకాణాల దగ్గర సభ గుసగుసలాడింది. రాజుని నిలదీసిన చోట చప్పట్లు కొట్టారు. నా ఒళ్ళు పులకరించింది, మరుక్షణం కుళ్ళుకున్నాను, ఆ రెండూ నిజమే. కాఫీ పోసే ఆడవాళ్ళ మాట రాలేదు. బానిసల మాట రాలేదు. మరిచిపోయాడనుకున్నాను. ఉత్తరం దగ్గరికి వచ్చేసరికి ఆయన ఆగి, నవ్వి, జేబులోంచి చెయ్యి తీశాడు. “ఈ స్వేచ్ఛ అంత బయటనే సార్. ఇంట్ల మాత్రం మా హోం మినిస్టర్ ఎంత అంటే అంత!” హాలు గొల్లుమంది. “ఆ హోం మినిస్టర్లే ఇప్పుడు వెనక మన కోసం వేడివేడిగ సిద్ధం చేస్తున్నరు. ఒక్కసారి గట్టిగ చప్పట్లు కొట్టాలె!” కొట్టారు. ఎవరి కోసం కొట్టారో వాళ్ళు తలుపు అవతల ఉన్నారు.

నేను చప్పట్లు కొట్టలేదు, లేచి వెళ్ళనూ లేదు. రెండొందల యాభై ఏళ్ళ కిందట ఆ నాయకుడు నవ్విన నవ్వు ఎలా ఉండి ఉంటుందో ఊహిస్తూ నా రెండో అధ్యాయంలో ఒక పేజీ రాశాను. ఊహ ఎక్కువైంది, కొట్టెయ్యమన్నారు గైడ్. ఇప్పుడు ఎదురుగా చూశాక అంత ఊహ అక్కర్లేదు. ఆ నవ్వులో చెడుతనం ఏమీ ఉండదు. పక్కవాడి తొడ మీద చరిచి, కళ్ళు తుడుచుకుని, ఇంటికెళ్ళి భార్యకు నీళ్ళందించే మనుషులు నవ్వే నవ్వే అది.

తిరిగి వస్తూ కారులో అడిగాను. “ఆ ఉత్తరం ఎందుకు తీసేసిన్రు?”

“ఏ ఉత్తరం? ఆఁ, అదా! ఫ్యామిలీలు వస్తరు గదా, ఎందుకు లొల్లి. జర నవ్విస్తే మంచిగుంటదని.”

“అది నా రీసెర్చి.”

“నీదే, ఎవలు కాదన్నరు?” అన్నాడు. లేన్ మార్చి ముందున్న వాటర్ ట్యాంకర్‌ని దాటాడు.

వారం తర్వాత, సంఘం వార్షిక సంచిక అచ్చుకు వెళ్తోందని, ప్రధాన వ్యాసం తనదేనని చెప్పాడు. “మంచిగ టైప్ చేసి వసుంధర మేడంకు పంపు. నా ఫోటో కూడ, బ్లూ సూటుది.”

“నేను టైప్ చెయ్య” అన్నాను.

నా నుదుటి మీద చెయ్యి పెట్టి చూశాడు. “పాణం బాగలేదా?”

“బాగనే ఉన్నది.”

“మరి? నాకు టైం మాఫీ లతా, జర గూడ లేదు. ప్లాంట్ల షట్‌డౌన్ రిపేర్లు నడుస్తున్నయి.” అని తాళాలు తీసుకుని వెళ్ళిపోయాడు. వెళ్ళి, కారులోనే కూర్చుని, ఆ ఉపన్యాసం కోసం నేను పెట్టిన వాయిస్ మెసేజ్‌లన్నీ ఉన్నవి ఉన్నట్టు వసుంధర గారికి ఫార్వర్డ్ చేశాడు. ఎవరితోనైనా టైప్ చేయించండి మేడం అని కింద రాశాడు. ఈ సంగతి నాకు మధ్యాహ్నం తెలిసింది, ఆవిడ ఫోన్ చేసినప్పుడు. నేను పిల్లల యూనిఫాంలు మడతపెడుతున్నాను.

“అమ్మాయ్ సుమలతా, నేను వసుంధరని. మీ ఆయన వ్యాసం పంపించాడు. ఆన్ చేస్తే నీ గొంతొచ్చింది.”

నా చేతిలో చొక్కా అలాగే ఉండిపోయింది.

“మొదట, ఆయన చెప్పింది నువ్వు చదువుతున్నావేమో అనుకున్నాను. మధ్యలో కుక్కరు కూసింది. నువ్వు ఆగి, ఆ కూత అయ్యాక, అదే సంగతి ఇంకా బాగా వేరే మాటల్తో చెప్పావు. చదివేవాళ్ళు అలా చెప్పరు కదమ్మా. ఎన్నాళ్ళ నుంచి ఇది?”

“మొదటి నుంచి అండీ.”

“అమ్మ మీద మాట్లాడిందీ?”

“అదీ నాదే.”

“ఆ ఉత్తరం ముక్క సభలో వినలేదు నేను.”

“తీసేసిన్రు.”

“అచ్చులో మాత్రం ఉండి తీరాలి. అయితే ఒక చిక్కుంది తల్లీ. వ్యాసం అతనిదని కార్యవర్గం అందరికీ చెప్పేసింది. నువ్వు ఇక్కడ అతని వీసా మీద ఉన్నావు, నీకంటూ వేరే ఇల్లూ వాకిలీ లేవు. నా పట్టుదల కోసం నీ ఇంట్లో చిచ్చు పెట్టలేను. పోనీ అతని పేరూ వద్దు, నీ పేరూ వద్దు. ‘ఒక సోదరి’ అని వేద్దామా? తెలిసినవాళ్ళకి తెలుస్తుంది. నువ్వు క్షేమంగా ఉంటావు.”

ఆవిడ గొంతులో ఉన్నది ప్రేమే. సాయంత్రం చెప్తానని ఫోన్ పెట్టేశాను. నాకు నవ్వొచ్చింది. ఈ ప్రేమ గురించి నాకంటే బాగా తెలిసినవాళ్ళు దోహాలో ఉండరు. ఆ కరపత్రాల కాలపు ప్రచురణకర్తలు, అన్నలు, శ్రేయోభిలాషులు అందరూ ఆడవాళ్ళకు చేసిన ఉపకారం ఇదే. మగవాళ్ళూ పేరు లేకుండా రాశారు, ప్రభుత్వం జైల్లో వేస్తుందని. ఆడవాళ్ళు పేరు దాచుకున్నది ఎక్కువగా ఇంట్లో వాళ్ళకు, ఇరుగుపొరుగుకు భయపడి. అలా దాచుకున్న పేర్లలో కొన్నింటి కోసం నేను వరంగల్‌లో రెండేళ్ళు కళ్ళు పాడుచేసుకున్నాను. కొందరివి దొరికాయి. ఎందరివో దొరకలేదు. ఎంత బాగా రాసి ఉంటారో, ఎవరై ఉంటారో, వాళ్ళ ఇంట్లో ఆ పూట ఏం వండి ఉంటారో, ఏమీ తెలియదు. నా పేరు కూడా వాళ్ళలో కలిపేద్దామని ఇప్పుడు నన్నే అడుగుతున్నారు. ఒప్పుకుంటే ఇంట్లో గొడవుండదు. ఆరేళ్ళు గొడవ లేకుండానే ఉన్నాం. ఆ గొడవ లేకపోవడానికి నేనేం ఇచ్చానో ఆ మధ్యాహ్నం కూర్చుని ఆలోచించాను. యూనిఫాంలు మడతపెట్టడం పూర్తయ్యేసరికి నాకు అనుమానమేమీ మిగల్లేదు.

సురేందర్ ఆ రోజు పొద్దుండగానే వచ్చాడు. టీ ఇచ్చి, ఎదురుగా కూర్చుని చెప్పాను. “వసుంధర గారు ఫోన్ చేసిన్రు. మీరు పంపింది నా గొంతు.”

ఆయన నుదురు కొట్టుకున్నాడు. నటన కాదు, నిజంగానే ఉలిక్కిపడ్డాడు. “అయ్యో, అవును గదా! అండ్ల నీ గొంతున్నదన్న సంగతే నాకు తోచలే లతా. దినాం కారుల ఇంటుంట గదా, నా లోపల నేనే మాట్లాడుకున్నట్టు ఉంటది.”

చాలా ప్రేమగా అన్నాడు. అబద్ధం ఆడి ఉంటే బాగుండేదనిపించింది. దొంగతనం అయితే దొంగకు తెలుస్తుంది ఆ వస్తువు ఎవరిదో. ఆయనకు తెలియదు. భార్య ఉనికి భర్తలో కలిసిపోయే ఆ చట్టం ఎప్పుడో రద్దయిపోయిన పరాయి దేశపుదని నేను పేజీలకు పేజీలు రాశాను. అది మా కారులో రోజూ రాస్ లఫాన్ దాకా వెళ్ళి వస్తోందని నాకు తోచలేదు.

“అది నా పేరుతోనే పడాలె” అన్నాను.

“పేరుదేమున్నదే! మనిద్దరం ఒక్కటే గదా.”

“ఒక్కటే అయితే నా పేరు పడితే మీకేం నష్టం? మీది పడ్డట్టే గదా.”

ఆయన టీ గ్లాసు తిప్పుతూ కూర్చున్నాడు. తర్వాత వరసగా వచ్చాయి మాటలు. సంఘం ఎలక్షన్‌లో తనను కల్చరల్ సెక్రటరీగా నిలబెడదామనుకుంటున్నారని, ఇప్పుడు ఇలా అయితే నగుబాటని, తన కష్టార్జితంతోనే కదా ఈ ఇల్లు నడుస్తున్నదని. “నిన్ను ఏం తక్కువ చేసిన? ఎన్నడన్న ఒక్క మాట అన్ననా?” అని టీ తాగకుండానే గ్లాసు పక్కన పెట్టాడు. నాకు జాలి వేసింది. జాలి వేసినప్పుడల్లా వెనక్కి తగ్గడం నాకు అలవాటు. ఆ అలవాటు తెలిసే, ఆయన ఇంకో మాట అనకముందే, ఎదురుగానే వసుంధర గారికి ఫోన్ కలిపాను.

“మేడం, సోదరి అని వెయ్యొద్దు. కొండ్ర సుమలత అని వెయ్యుండ్రి. నా సర్టిఫికెట్ల మీద ఉన్న పేరు. కాఫీ పోసేటోళ్ళు, బానిసలు, ఉత్తరం, అన్నీ ఉండాలె. టైప్ నేనే చేసి పంపుత.”

“ఇంట్లో?” అందావిడ మెల్లగా.

“ఇంట్లనే ఉన్నరు. ఇంటున్నరు” అన్నాను.

ఫోన్ పెట్టేశాక కోపంగా లేస్తాడనుకున్నాను, లేవలేదు. బయట విల్లా గేటు తీసిన చప్పుడైంది, పిల్లలు ట్యూషన్ నుంచి వస్తున్నారు. ఆయన మొహం తుడుచుకున్నాడు.

“మరి సంఘంల అడిగితే?” అన్నాడు చివరికి. “అమ్మ అడిగితే? ఇన్నేండ్లు నువ్వు మాట్లాడింది ఎవలదిరా అని మందిల అడిగితే, లతా, నేనేం చెప్పాలె?”

అడిగి, నా మొహంలోకి చూస్తూ ఆగాడు. మాట కావలసి వచ్చినప్పుడల్లా అలాగే చూస్తాడు. నా అలవాటు కూడా చావలేదు. ఆయన పరువు పోకుండా, సభ మెచ్చుకునేలా, ఎల్లవ్వ కూడా మురిసిపోయేలా నాలుగు మంచి వాక్యాలు అప్పటికే నా నాలుక మీదికి వచ్చేశాయి. వాటిని మింగేశాను.

“అదొక్కటి మాత్రం మీరే రాసుకోండ్రి.”